ముందు నడిచేవాడు

మన కళాశాల వార్షిక సంచికకు ఏదైనా రాసిమ్మని సంపాదక మిత్రుడు నెల రోజులుగా నా వెంట పడుతున్నాడు. "మీ అరకు గురించి రాయరా! బొర్రా గుహలు, కాఫీ తోటలు, థింసా, పొగమంచు... నీకేం కొదవ?" అన్నాడు. నిజమే, వాటికి కొదవ లేదు. సెలవు రోజున కిరండూలు బండిలో అద్దాల బోగీ ఎక్కి వచ్చేవాళ్లందరికీ అవి బాగానే కనబడతాయి. వాటి గురించి రాయడానికి వాళ్లు చాలు. నేను రాయదలచింది ఒక భుజం గురించి.

ఆ భుజం మా అమ్మమ్మ తండ్రిది. ఆయన్ని నేను చూడలేదు. మా అమ్మకే సరిగా జ్ఞాపకం లేదు. అమ్మమ్మ పుట్టినూరు లంబసింగికి పైన, చింతపల్లి దారిలో. ఇప్పుడు ఆమెకు ఎనభై దాటాయి, అరకు దగ్గర మా ఇంట్లోనే ఉంటోంది. పొద్దుటి పూట ఎండకు కూర్చుని చెబుతూ ఉంటుంది: "మా అయ్య కుడి బుజమ్మీద నిమ్మకాయంత కాయుండేది బావూ. నా సిన్నప్పుడు దాన్ని నొక్కి ఆడుకునేదాన్ని. నొప్పెట్టదా అయ్యా అంతే, అది సచ్చిపోనాదే, దానికేటీ తెల్దు అనీవోడు."

అది కావిడి మోసిన కాయ. వెదురుబద్దకు రెండు వైపులా బరువు కట్టి నర్సీపట్నం నుంచి ఘాటీ ఎక్కి చింతపల్లి దాకా మోసేవారట. ఎవరి బరువు? దొరలది, తాశీల్దార్లది, పోలీసులది. బియ్యం బస్తాలు, గుడారాలు, ఇనప్పెట్టెలు. ముఠాదారు మనుషుల్ని పంపమంటే పంపాలి, వీళ్లు వెళ్లాలి. కూలి అడిగితే దెబ్బలు, అడక్కపోతే ఏమీ లేదు. దాని పేరు వెట్టి. ఆ మాట మా ఇళ్లలో ఇప్పటికీ తిట్టుగా ఉంది. పని సరిగా చెయ్యకపోతే మా అమ్మ, "ఏట్రా, ఎట్టికి సేస్తన్నావా?" అంటుంది.

ఇదంతా చిన్నప్పటి నుంచీ వింటున్నదే గనుక నేనేమీ పట్టించుకోలేదు. పట్టించుకొన్నది ఎం.ఏ. రెండో సంవత్సరంలో, అమెరికా చరిత్ర క్లాసులో.

ఆ రోజు మాస్టారు పాఠం పక్కన పెట్టి ఒక రెజిమెంటు కథ చెప్పారు. ఇరవై నాలుగో పదాతి దళం. సిపాయిలందరూ నల్లవాళ్లు. పై అధికారులు తెల్లవాళ్లు. అంతర్యుద్ధం ముగిసి, బానిసత్వం పోయాక 1869లో ఏర్పడ్డ దళం. 1917లో ఆ దళంలో ఒక పటాలాన్ని టెక్సాస్ రాష్ట్రంలో హ్యూస్టన్ నగరం దగ్గర కట్టే శిబిరానికి కాపలా పంపారు. ఒంటిమీద ప్రభుత్వం వారి యూనిఫారం. ఊళ్లోకి వెళితే ట్రామ్ బండిలో తెల్లవాళ్లకో వరస, వీళ్లకో వరస. నగర పోలీసుల చేత తిట్లు, దెబ్బలు. ఆగస్టు 23న పోలీసులు ఒక నల్ల స్త్రీని ఈడ్చుకుపోతుంటే అడ్డం వెళ్లిన సిపాయిని కొట్టారు. ఆ సంగతేమిటని అడగబోయిన కార్పొరల్‌నూ కొట్టి ఖైదు చేశారు. అతన్ని చంపేశారని శిబిరంలో పుకారు పుట్టింది. ఆ రాత్రి వందమందికి పైగా సిపాయిలు తుపాకులు పట్టుకొని నగరం మీదికి నడిచారు. చావులు జరిగాయి, రెండు పక్కలా. తర్వాత సైనిక న్యాయస్థానాలు 110 మందికి శిక్షలు వేశాయి. పందొమ్మిది మందిని ఉరి తీశారు. అందులో మొదటి పదముగ్గురినీ డిసెంబరు 11న తెల్లవారకముందే, అప్పీలుకు సందివ్వకుండా ఒక్కసారే ఉరి తీశారు. ఆ 110 శిక్షలూ చెల్లవని అమెరికా సైన్యం చెప్పింది 2023 నవంబరులో. నూట ఆరేళ్లు పట్టింది.

మాస్టారు చెప్పే పద్ధతి మన వాళ్లందరికీ తెలిసిందే. చాక్ పీసు బల్లమీద పెట్టి, కిటికీలోంచి సముద్రం వైపు చూస్తూ చెబుతారు. క్లాసు నిశ్శబ్దంగా ఉంది. వెనక బెంచీలో ఉండే నేను లేచి, ఎందుకడిగానో నాకే తెలియదు, "సార్, 1917కి ముందు ఆ దళం ఎక్కడుండేదండీ?" అన్నాను.

"మంచి ప్రశ్న" అన్నారాయన. తరువాత చెప్పింది వినకుండా ఉంటే బాగుండుననిపించింది.

ఆ దళం పడమటి సరిహద్దుల్లో ఉండేది. అమెరికాలోని ఆదివాసుల మీద. నల్ల గుర్రపు దళాలకూ, పదాతి దళాలకూ అదే పని. ఆదివాసులు వాళ్లని 'బఫెలో సోల్జర్లు' అన్నారని ప్రతీతి. భూమి పోగొట్టుకొంటున్న వాళ్లమీదికి, నిన్నటిదాకా తమ ఒళ్లే తమది కాని వాళ్లను పంపారు. 1899లో అదే దళాన్ని ఫిలిప్పీన్స్ దీవుల్లో స్వాతంత్ర్యం కోసం పోరాడుతున్న వాళ్లమీదికి పంపారు. అక్కడ డేవిడ్ ఫేగన్ అనే సిపాయి ఒకడు తుపాకీతో సహా అవతలి పక్షానికి వెళ్లిపోయి, వాళ్లలో కెప్టెనయ్యాడు. అతని తలకు అమెరికా వాళ్లు ఆరువందల డాలర్లు వెల కట్టారు. ఫేగన్ లాంటివాళ్లు కొద్దిమందే. మిగిలినవాళ్లు చెప్పిన పని చేశారు. చేసినందుకు వాళ్లకేం దక్కిందో చూడండి. రెండో ప్రపంచయుద్ధంలో అన్ని లక్షలమంది నల్లవాళ్లు పనిచేస్తే, ఆ యుద్ధానికి అత్యున్నత పతకం ఒక్కరికీ రాలేదు. 1997లో క్లింటన్ ఏడుగురికి ఇచ్చేనాటికి ప్రాణంతో ఉన్నది ఒక్కడు.

క్లాసయ్యాక మిత్రులు క్యాంటీనుకు పోయారు. నేను హాస్టలుకు పోయి పడుకొన్నాను. మా తమ్ముడు మనసులో మెదిలాడు. వాడి సంగతి తరువాత చెబుతాను.

మన్యం పితూరీ గురించి ఈ సంచిక చదివేవాళ్లకు నేను చెప్పవలసిన పని లేదు. 1974లో వచ్చిన సినిమా చూడనివాళ్లు మనలో తక్కువ. అందులో జగ్గయ్య గారి రూథర్‌ఫర్డు గొంతు ఇప్పటికీ చెవుల్లో ఉంటుంది. కాని తుపాకులు ఎవరి చేతుల్లో ఉన్నాయన్నది నేనెప్పుడూ ఆలోచించలేదు. మాస్టారి పాఠం తరువాత లైబ్రరీలో కూర్చుని ఆ దృష్టితో మళ్లీ చదివాను.

1879 నాటి రంప పితూరీ అణచడానికి వచ్చినవి మద్రాసు పదాతి దళాలు. వాటిలో తెలుగు సిపాయిలూ ఉండేవారు. ఉత్తరదేశంలో ఒకప్పుడు సిపాయిని 'తిలంగా' అనేవారు, అంత పేరు మనవాళ్లది. ఆ తెలుగు సిపాయినే కొన్నేళ్లకు 'మీది యోధజాతి కాదు' పొమ్మన్నారు. 1881 నుంచి 1885 దాకా మద్రాసు సైన్యానికి అధిపతిగా ఉండి, తరువాత మొత్తం భారత సైన్యానికే అధిపతి అయిన రాబర్ట్స్ దొరకు దక్షిణాది వాళ్లు పోరాటానికి పనికిరారని గట్టి నమ్మకం. మనిషి ధైర్యాన్ని పుట్టుకను బట్టి తూచే త్రాసు అది. అమెరికాలో నల్లవాడు యుద్ధంలో నిలవలేడన్నదీ అదే త్రాసు మీద తూచిన మాట. నిలిచిన వాడికీ మర్యాద దక్కలేదు. మన సిపాయికి విక్టోరియా క్రాసు అర్హత 1911 దాకా లేదు. ముప్ఫైయేళ్లు నౌకరీ చేసి తల నెరిసిన సుబేదారు, నిన్న ఓడ దిగిన ఇరవయ్యేళ్ల తెల్ల కుర్రాడికి సలాము కొట్టవలసిందే.

1922. ఆగస్టు 22న చింతపల్లి, 23న కృష్ణదేవిపేట, 24న రాజవొమ్మంగి. మూడు రోజుల్లో మూడు స్టేషన్లు, ఇరవయ్యారు తుపాకులు. (హ్యూస్టన్‌లో సిపాయిలు నడిచిన రోజూ ఆగస్టు 23 అన్నది కాకతాళీయమే. అయినా ఆ తేదీ దగ్గర నా పెన్ను ఆగింది.) సెప్టెంబరు 24న దామనపల్లి ఘాటీలో జరిగింది వేరు. రాజు కోసం ఇద్దరు అధికారులు బయల్దేరారు, స్కాట్ కవర్డు, హైటరు. దారి ఇరుకు. ముందు మన కానిస్టేబుళ్లు నడుస్తున్నారు. పైన బండల చాటున సీతారామరాజు మనుషులు గురిపెట్టి ఉన్నారు. ముందు నడిచిన కానిస్టేబుళ్లను పోనిచ్చారు. వెనక వచ్చిన తెల్లవాళ్లిద్దరినీ కాల్చారు.

నేను ఈ వాక్యాన్ని ఎన్నిసార్లు చదివి ఉంటానో! ఆ కానిస్టేబుళ్లు రాజుకు శత్రువులే కదా. వాళ్ల చేతుల్లో తుపాకులున్నాయి. పట్టుబడితే గాం గంటం దొరనూ, మల్లు దొరనూ వాళ్లే కట్టి తెస్తారు. అయినా పోనిచ్చారు. వాళ్లు జీతానికి వచ్చినవాళ్లని కొండమీద వాళ్లకు తెలుసు.

నర్సీపట్నంలో ఆ ఇద్దరు అధికారుల సమాధులూ ఉన్నాయి. గత వేసవిలో వెళ్లి చూశాను. వాళ్లమీద నాకు కోపం రాలేదు, ఎవరి బిడ్డలో అనుకొన్నాను. కృష్ణదేవిపేటలో రాజు సమాధి, గంటం దొర సమాధి చూశాను. అక్కడ దండం పెట్టుకొన్నాను. కాని ఘాటీ పొడుగునా ఆ రెండేళ్లూ బియ్యం మోసినవాళ్లకు ఎక్కడా రాయి లేదు. ఉండాలని ఎవరికీ తోచి ఉండదు, మాకే తోచలేదు.

ఆ తరువాత మలబారు స్పెషల్ పోలీసులు వచ్చారు. 1921లో మాప్పిళ్లల తిరుగుబాటు కాలంలో పుట్టిన దళం అది. మా అమ్మమ్మ తండ్రి మోసింది వీళ్ల సామానే. అమ్మమ్మ వాళ్లని ఇప్పటికీ 'మలబారోళ్లు' అంటుంది. వాళ్లకు మా చలి తెలియదు, మా దోమ తెలియదు. మన్యపు జ్వరం పట్టుకొంటే పొగరంతా నీరైపోయేది. అలా పడిపోయిన ఒక మలబారు కుర్రాణ్ని మా ముత్తాతా, మరో ముగ్గురూ మంచం మీద వేసుకొని నర్సీపట్నం దించారట. దారి పొడుగునా వాడేదో మాట్లాడుతున్నాడు, వీళ్లకు ఒక్క ముక్క తెలియదు. "ఒక మాట తెలిసినాదంతాడు అయ్య. అమ్మా, అమ్మా అనీసి ఏడిసేవోడంట. అది మన మాటే గదా!" అంటుంది అమ్మమ్మ. ఆ కుర్రాడు బతికాడో లేదో ఆయనకు తెలియదు. దించి రాగానే ఇంకో బరువు ఎత్తమన్నారు.

1924 జనవరిలో అస్సాం రైఫిల్సును దింపారు. మైదానం పోలీసులకు కొండ చేతకావడం లేదని కొండ తెలిసినవాళ్లను తెచ్చారన్నమాట. గూర్ఖాలు, ఈశాన్యపు కొండల వాళ్లు. ఈ దళం అంతకుముందు ఏం చేసిందని చూస్తే మణిపురం కొండల్లో కుకీల సంగతి కనబడింది. మొదటి ప్రపంచయుద్ధ కాలంలో ఫ్రాన్సుకు కూలిపటాలం కావాలని ప్రభుత్వం వాళ్లను మనుషుల్ని ఇమ్మంది. కుకీలు ఇవ్వమన్నారు. 1917 నుంచి 1919 దాకా పోరాడారు. ఆ పోరాటాన్ని అణచినవాళ్లలో అస్సాం రైఫిల్సు కూడా ఉంది. అక్కడ మోయమన్నవాళ్లు మోయమని తిరగబడ్డారు, ఇక్కడ మోసి మోసి తిరగబడ్డారు. రెండుచోట్లకూ వచ్చింది ఒకే దళం, ఆ దళంలోనూ కొండవాళ్లే. 1924 మే 7న కొయ్యూరులో రాజు కథ ముగిసింది. జూన్‌లో గంటం దొర. మల్లు దొరకు ఉరిశిక్ష పడి, అది ద్వీపాంతరవాసంగా మారి, 1937లో విడుదలయ్యాడు. 1952లో ఇదే విశాఖపట్నం నుంచి లోక్‌సభకు ఎన్నికయ్యాడు. ఈ సంగతి మన కళాశాలలో ఎంతమందికి తెలుసు? నేను పదిమందిని అడిగాను, ఇద్దరు చెప్పారు.

ఇక్కడ ఒక మాట ఒప్పుకోవాలి. నల్లవాళ్లదీ మాదీ ఒకే కథ కాదు. వాళ్లను గొలుసులు వేసి సముద్రం దాటించారు, సంతలో అమ్మారు. మమ్మల్ని ఎక్కడికీ తీసుకుపోలేదు, ఉన్నచోటే 1882 నాటి అడవి చట్టంతో మా పోడును నేరం చేశారు. ఈ తేడా చిన్నది కాదని మాస్టారితో వాదించాను కూడా. ఆయన ఒప్పుకొన్నారు. "కాని, తుపాకీ ఎవడికిచ్చారు, ఎవడి మీదికి పంపారు అన్నచోట మాత్రం చూడవోయ్" అన్నారు. ఆ చోటు చూడటమే నాకు కష్టంగా ఉంది.

ఎందుకంటే మా తమ్ముడు.

వాడు నాకంటే మూడేళ్లు చిన్న. చదువు మీద మనసు లేదు, పరుగులో మాత్రం మెరుపు. ఇంటర్ పాసయ్యాడు, రెండుసార్లు సెలక్షన్లకు పోయాడు, రెండోసారి ఒక దళంలో ఎంపికయ్యాడు. ఏ దళమో ఇక్కడ అనవసరం. ఆ ఉత్తరం వచ్చిన రోజు మా ఇంట్లో పండగ. అమ్మ ఊరందరికీ బెల్లం పంచింది. కాఫీ గింజల ధర పడిపోయిన ఏడాది అది, వాడి మొదటి జీతంతోనే ఇంటి మీద రేకులు మార్చాం. నా హాస్టలు మెస్సు బాకీ తీర్చింది కూడా ఆ జీతమే. కాబట్టి నేను ఇది రాస్తున్న పెన్నుకు డబ్బు ఎక్కడిదో దాచడానికి లేదు.

సంక్రాంతికి సెలవు పెట్టి వచ్చాడు. మనిషి గట్టిపడ్డాడు. హిందీ వచ్చింది. రాత్రి నెగడు దగ్గర కూర్చున్నాం. శిక్షణలో మొదట్లో కొందరు 'జంగ్లీ' అని పిలిచేవారట. "నువ్వేం చేశావురా?" అన్నాను. "ఏటి సేస్తాను? పరుగులో ముందు పోయేవోణ్ని. అప్పుడు మానేసినారు" అని నవ్వాడు. కాసేపు ఊరుకొని, నెగడులో పుల్ల ఎగదోస్తూ అన్నాడు: "అన్నా, అడవిలో నడిసేటప్పుడు నన్నే ముందు నడవమంతారు. నీకు అడవి తెలుసు గదా, అంతారు."

ఎవరి అడవి? మా అడవి కాదు, వాడికి భాష తెలియని అడవి. అక్కడుండేవాళ్లు కూడా కొండమీద వాళ్లే. పోడు చేసేవాళ్లే, జీలుగు చెట్టు ఎక్కేవాళ్లే. "వాళ్ల ఇళ్లు అచ్చం మన ఇళ్లలాగుంటాయన్నా. ఒక ముసిల్ది వాకిట్లో కూకుని రాగులు సెరుగుతూ నన్ను సూసినాది. మనమ్మమ్మలాగే సూసినాది." అంతకంటే చెప్పలేదు.

నా దగ్గర మాటలు లేవు. ఇరవై నాలుగో దళం గురించి చెప్పవచ్చు. ఫేగన్ గురించి చెప్పవచ్చు. చెప్పి ఏం చేయమనను? ఉద్యోగం మానెయ్యమననా, వాడి జీతం తిన్న నోటితో? అడవిలో మందుపాతర పెట్టేవాడు ముందు నడిచేవాడి కులం, కొండ అడిగి పెట్టడు. వీడేమో చేతికిచ్చిన పని నిజాయితీగా చేసే రకం. వాణ్ని తప్పుపట్టే హక్కు నాకు లేదు, ఇప్పటికీ లేదనే అనుకొంటున్నాను. పాఠంలో ఉన్నంతసేపు ఆ నల్ల సిపాయిల మీద నాకు జాలీ కోపం రెండూ సమానంగా ఉండేవి. నెగడు దగ్గర ఆ లెక్క తప్పింది.

అమ్మమ్మ నిద్రపోయిందనుకొన్నాం. పోలేదు. గోడవైపు తిరిగి పడుకొన్న మనిషి అక్కణ్నుంచే అడిగింది: "అప్పుడు రాజుగోరు, ముందు నడిసినోళ్లని ఒగ్గీసినారంట గదా. ఇప్పుడు అలాగ ఒగ్గీసేవోళ్లున్నారా?"

తమ్ముడు నా వైపు చూశాడు. చదువుకొన్నవాణ్ని నేను గదా!

"ఉంటారమ్మమ్మా" అన్నాను. నేను ఇంతవరకు ఆడిన అబద్ధాల్లో అదొకటి.

కనుమ మర్నాడు వాడు వెళ్లిపోయాడు. పొద్దున్నే లేచి, వీపుకు తగిలించుకొనే పెద్ద సంచీ సర్దుకొన్నాడు. అమ్మ అందులో రాగి పిండి, ఎండు చేపలు, పసుపుకొమ్ములు కుక్కింది. హిందీ వాళ్లకు పెడతానని కాఫీ పొడి వాడే అడిగి తీసుకొన్నాడు. అమ్మమ్మ కాళ్లకు దండం పెట్టడానికి వంగితే ఆమె వాణ్ని లేవనివ్వలేదు. చొక్కా కాలరు పక్కకు లాగి, కుడి భుజం మీద బొటనవేలితో నొక్కి నొక్కి చూసింది. వాడికి చక్కిలిగిలి పెట్టి మెలికలు తిరుగుతున్నాడు.

"నొప్పెడతందా?" అంది.

"పెడతంది, ఒగ్గే అమ్మమ్మా!" అన్నాడు.

"అయితే పర్లేదు" అంది. చొక్కా సరిచేసింది.

బస్సు ఎస్.కోట వైపు ఘాటీ దిగేదాకా నేను రోడ్డు మీదే ఉన్నాను. మంచు ఇంకా విడలేదు. మూడో మలుపు దాటాక హారను మాత్రం వినిపించింది.